అదే తరగతి, అదే కుర్చీ

చి. పండుకీ, చిన్నుకీ అమ్మమ్మ ఆశీస్సులు.

జపాన్ కథల్లో పిల్లలకు బుద్ధి తెలిసేది ఎప్పుడూ ఎండాకాలంలోనేనా అని మొన్న ఫోన్‌లో అడిగారు. అప్పటినుంచీ అదే ఆలోచిస్తున్నాను.

మనకు సెలవులు పరీక్షలయ్యాక వస్తాయి. మళ్ళీ బడి తెరిచేసరికి పై తరగతి, కొత్త పుస్తకాలు. అక్కడ బడి ఏప్రిల్‌లో మొదలవుతుంది. వేసవి సెలవులు చాలాచోట్ల జూలై 20 ప్రాంతంలో ఇచ్చి, ఆగస్టు నెలాఖరు దాకా ఉంచుతారు. అంటే చదువు సగంలో ఉండగా. హోంవర్కూ ఉంటుంది, డైరీ రాయాలి, ఏదో ఒకటి సొంతంగా గమనించి రాసుకుపోవాలి. సెప్టెంబరులో మళ్ళీ అదే తరగతి, అదే టీచరు, అదే కుర్చీ. మారింది పిల్లవాడొక్కడే. కథ రాసేవాళ్ళకు ఇంతకంటే ఏం కావాలి!

ఇక ‘సెమి’ అనే పురుగు. మన కీచురాయికి చుట్టమనుకోండి. ఏళ్ళ తరబడి మట్టిలో ఉండి, ఒక వేసవి రాత్రి చెట్టెక్కుతుంది. వీపు నిలువునా చీలి, లోపలినుంచి తెల్లగా, మెత్తగా, నలిగిన రెక్కలతో బయటికొస్తుంది. తెల్లారేసరికి గోధుమరంగు డొల్ల ఒకటి, కాళ్ళతో సహా, బెరడును పట్టుకుని ఉంటుంది. పిల్లలు వాటిని ఏరుకుంటారు. పైకొచ్చిన పురుగు బతికేది కొన్ని వారాలే.

ఆగస్టు నడుమ ఓబోన్ పండగ. పోయిన పెద్దలు ఆ రోజుల్లో ఇంటికొస్తారని నమ్మకం. త్వరగా రావాలని కీరదోసకాయకు పుల్లలు గుచ్చి గుర్రం చేస్తారు, మెల్లగా వెళ్ళాలని వంకాయతో ఆవు చేస్తారు. ఈ ముచ్చట నాకెంత ఇష్టమో! అందుకే వాళ్ళ వేసవి కథల్లో ఆటల పక్కనే చావూ కూర్చుని ఉంటుంది.

యుమోతో కజుమి 1992లో రాసిన ‘నత్సు నో నివా’ మీచేత చదివించాలని నా కోరిక. వేసవి తోట అని అర్థం. ఆరో తరగతి కుర్రాళ్ళు ముగ్గురు. ఒకడి బామ్మ పోయాక, చావంటే ఎలా ఉంటుందో చూడాలనిపిస్తుంది వాళ్ళకు. ఒంటరిగా ఉండే ముసలాయన ఇంటి దగ్గర కాపు కాస్తారు. ఆయన పట్టేస్తాడు, కసురుకుంటాడు, ఆఖరికి వాళ్ళచేతే బట్టలు ఆరేయిస్తాడు, కలుపు తీయిస్తాడు. ఆ పెరట్లో కాస్మోస్ విత్తనాలు చల్లుతారు. చావు చూద్దామని వచ్చినవాళ్ళ వల్లే ఆయన లేచి తిరగడం మొదలుపెడతాడు.

పిల్లలు ఫుట్‌బాల్ క్యాంపు నుంచి వచ్చేసరికి ఆయన నిద్రపోతున్నట్టే ఉన్నాడు. పక్కన గిన్నెలో ద్రాక్షపళ్ళు. ఆ పేజీ దగ్గర పుస్తకం మూసి చాలాసేపు కూర్చుండిపోయాను.

వాళ్ళలో ఒకడికి రాత్రిళ్ళు ఒక్కడే బాత్రూంకి వెళ్ళాలంటే భయం. చివర్లో, ఇక భయం లేదంటాడు. ఆ లోకంలో మనకు తెలిసినాయన ఉన్నాడుగా అంటాడు.

ప్రేమతో,
మీ అమ్మమ్మ