ఒత్తిడి అనే మూడో కొలత

ఫోనులో నాలుగు ప్రశ్నలకు టిక్కులు పెట్టగానే ‘తీవ్ర ఆందోళన’ అని తేలితే ఎవరికైనా గుండె జారిపోతుంది. ఆ ఫలితం వెనకున్న ప్రశ్నావళి ఎందుకు పుట్టిందో మాత్రం ఎవరూ చెప్పరు.

ఈ ప్రశ్నావళుల మూలం మొదటి ప్రపంచ యుద్ధంలో ఉంది. ఫిరంగి మోతలకు మనసు చెదిరే సైనికులను ముందుగానే గుర్తించాలని అమెరికా మనస్తత్వవేత్త రాబర్ట్ వుడ్‌వర్త్ అవును, కాదు ప్రశ్నలు వందకు పైగా రాశారు. అవి వాడకంలోకి వచ్చేలోపే యుద్ధం ముగిసింది. 1961లో అమెరికా మానసిక వైద్యుడు ఆరన్ బెక్ 21 అంశాల పట్టిక తెచ్చారు. దాని పని డిప్రెషన్ ఎంత లోతుగా ఉందో కొలవడం.

అసలు మలుపు ఆస్ట్రేలియాలో వచ్చింది. న్యూ సౌత్ వేల్స్ విశ్వవిద్యాలయంలో మనస్తత్వవేత్తలు ఎస్.హెచ్. లొవిబాండ్, పి.ఎఫ్. లొవిబాండ్ దిగులును (డిప్రెషన్‌ను), ఆందోళనను విడదీసే ప్రశ్నల కోసం వెతికారు. ఎటూ చేరని ప్రశ్నలు కొన్ని మిగిలాయి: చిన్న విషయానికే చిరాకు, కుదురుగా కూర్చోలేకపోవడం, ఊరట దొరకకపోవడం. అవన్నీ ఒకదానితో ఒకటి ముడిపడి ఉన్నాయని గమనించి వాటికి ‘ఒత్తిడి’ అని పేరు పెట్టారు. అలా దిగులు, ఆందోళన, ఒత్తిడి మూడింటినీ కొలిచే 42 ప్రశ్నల డాస్ (DASS) తయారైంది. 1995 నాటికి 21 ప్రశ్నల పొట్టి రూపమూ వచ్చింది. పొట్టి రూపంలో వచ్చిన మార్కులను రెట్టింపు చేయాలి. ఇది మరిచిపోతే లెక్క మొత్తం తప్పుతుంది.

అందులో ‘స్వల్పం’, ‘తీవ్రం’ అనేవి జబ్బుల పేర్లు కావు. సాధారణ జనంతో పోలిస్తే మీరు ఎక్కడ ఉన్నారో అవి చెబుతాయి, అంతే. రోగ నిర్ధారణకు దీన్ని వాడకూడదని రూపకర్తలే స్పష్టం చేశారు. ఈ మాట చెప్పకుండా ఫలితం మాత్రమే చూపడం అన్యాయం.

2001లో వెలువడిన, డిప్రెషన్‌ను కొలిచే తొమ్మిది ప్రశ్నల పీహెచ్‌క్యూ–9 దారి వేరు. రోగికి ఎక్కువ సమయం ఇవ్వలేని సాధారణ వైద్యుల కోసం పరిశోధకులు స్పిట్జర్, విలియమ్స్, క్రోంకీ దీన్ని రూపొందించారు. డిప్రెషన్ మందు అమ్మే ఫైజర్ కంపెనీ ఇందుకు నిధులిచ్చింది. డాస్ పక్కనపెట్టిన నిద్ర, ఆకలి ప్రశ్నలు ఇందులో ఉన్నాయి. అందుకే థైరాయిడ్ సమస్య, రక్తహీనత ఉన్నవారికీ మార్కులు పెరగవచ్చు. 27కు 10 గానీ అంతకంటే ఎక్కువ గానీ వస్తే డాక్టరు కూర్చోబెట్టి వివరంగా అడగాలి.

దీని తొమ్మిదో ప్రశ్న చావు గురించిన ఆలోచనలను అడుగుతుంది. మొత్తం ఎంత తక్కువ వచ్చినా, ఆ ఒక్క ప్రశ్నకు సున్నా కాని జవాబు వస్తే ఆ రోజే ఒక మనిషి వారితో మాట్లాడాలి. మన దేశంలో ఇందుకు ప్రభుత్వ మానసిక ఆరోగ్య సహాయ ఫోను టెలిమానస్ నంబరు 14416 ఉంది. డాస్‌లో ఆ ప్రశ్నే లేదు. కాబట్టి అందులో మార్కులు తక్కువ వచ్చాయని ఆ విషయంలో నిశ్చింతగా ఉండటానికి వీల్లేదు.