ఖహ్వేఖానాలో టీ, కప్పు అడుగున జోస్యం

ఇరాన్‌లో పాతకాలపు ఖహ్వేఖానాకు వెళ్లి కాఫీ అడిగితే దొరక్కపోవచ్చు. పేరుకు కాఫీ ఇల్లే, పోసేది టీ. 17వ శతాబ్దం మొదట్లో షా అబ్బాస్ ఏలుబడిలో ఇస్ఫహాన్ జనం అక్కడ నిజంగానే కాఫీ తాగేవారు, పారశీక రాజుల వీరగాథ షాహ్‌నామాలోని కథలు వినేవారు. 19వ శతాబ్దంలో టీ ఊపందుకుంది. తర్వాత కాషెఫుస్సల్తానె అనే ఇరాన్ దౌత్యవేత్త ఇండియా నుంచి టీ మొక్కలు తెచ్చి ఉత్తర ఇరాన్‌లోని లాహిజాన్‌లో తోటలు వేయించాడు. కాఫీ పక్కకు జరిగింది.

అందుకే ఫాలె ఖహ్వే, అంటే కాఫీ మడ్డి జోస్యం, ఇరానీల సొంత శకునం కాదనిపిస్తుంది. ఆ చోటు పారశీక కవి హాఫిజ్‌ది. ఏడాదిలో అతి పొడవైన యల్దా రాత్రి ఆయన దీవాన్, అంటే కవితా సంపుటి, తెరిచి, వచ్చిన గజల్‌లో జవాబు వెతుక్కుంటారు. షీరాజ్‌లో పిట్టచేత హాఫిజ్ చీటీ తీయిస్తారు, అచ్చం మన చిలక జోస్యమే. మడ్డి చదవడం ఆటోమన్ల, అంటే పాత టర్కీ సామ్రాజ్యపు, కాఫీతో ముడిపడ్డ విద్య. దానికి వాడే కాఫీని ఇరాన్‌లో ఇప్పటికీ ‘ఖహ్వేయె తోర్క్’, అంటే టర్కీ కాఫీ, అనే అంటారు.

జోస్యం సంగతి ఎలా ఉన్నా, కాఫీ కుదరాలి. చిన్న కప్పుడు నీళ్లకు, సుమారు 70 మిల్లీలీటర్లకు, నిండు టీస్పూన్ పొడి. అది పిండిలా మెత్తగా ఉండాలి. బరకగా ఉంటే కప్పు గోడకు అంటదు, జారిపోతుంది. పంచదార ముందే కలిపి సన్నమంట మీద పెట్టి, నురుగు పొంగగానే దించాలి. వడకట్టకూడదు. మన ఫిల్టర్ కాఫీ ఇక్కడ పనికిరాదు, పిప్పంతా ఫిల్టర్‌లోనే ఉండిపోతుంది. ఇన్‌స్టంట్‌లోనైతే మడ్డే లేదు.

చివరి గుక్క వదిలేసి, మనసులో కోరిక తలచుకుని, కప్పును గుండ్రంగా తిప్పి సాసర్ మీద బోర్లిస్తారు. చాలామంది తప్పేది ఇక్కడే: ద్రవం ఎక్కువ మిగిలితే మడ్డి మొత్తం కొట్టుకుపోతుంది, తక్కువైతే అడుగునే ముద్ద కడుతుంది. కప్పు చల్లారేదాకా, పది నిమిషాలైనా, ముట్టుకోకూడదు. లోపల తెల్లగా ఉన్న కప్పే కావాలి.

అంచు దగ్గరి బొమ్మలు త్వరలో జరగబోయేవని, అడుగువి దూరపువని చదువుతారు. పక్షి అంటే కబురు, పాము అంటే శత్రువు, గీత అంటే ప్రయాణం. చదివేవాళ్లను బట్టి ఇవి మారతాయి. మతపెద్దలు దీన్ని మూఢనమ్మకమని ఖండిస్తారు. అయినా ఆడవాళ్లు కూడిన ఇళ్లలో కప్పులు బోర్లుతూనే ఉంటాయి. చివర్లో కొందరు కప్పు అడుగున వేలు నొక్కమంటారు. ఆ వేలిముద్రను కూడా చదివాకే కప్పు కడగడానికి వెళుతుంది.