అరెస్టు లేని కేసుకు గడువేది?

తిరుమల లడ్డూ నెయ్యి కేసు 2024 సెప్టెంబరులో తిరుపతి ఈస్ట్ స్టేషన్‌లో నమోదైంది. అక్టోబరు 4 నాటికే సుప్రీంకోర్టు దాన్ని సీబీఐ డైరెక్టర్ పర్యవేక్షణలో సిట్‌కు అప్పగించింది. శ్రీవారి హుండీ కానుకలు లెక్కించే పరకామణిలో జరిగిన చోరీ కేసు 2023లో లోక్ అదాలత్‌లో రాజీ అయిపోయినా, 2025లో హైకోర్టు తిరగదోడి సీఐడీ చేత దర్యాప్తు చేయించింది. సరే, శ్రీవారి సొమ్ము కాబట్టి కోర్టులు కన్నేశాయి. బస్టాండు దగ్గర బైకు పోగొట్టుకున్నవాడి కేసును ఎవరు చూస్తారు?

అసలు దర్యాప్తు జోలికి కోర్టులు వెళ్లకూడదన్నదే పాత మాట. 1944లో ఖ్వాజా నజీర్ అహ్మద్ కేసులో అప్పటి అత్యున్నత న్యాయస్థానమైన ప్రివీ కౌన్సిల్ పోలీసుల పని పోలీసులదే, కోర్టు పని కోర్టుదే అని గిరిగీసింది. ఆ గీత చెరగడానికి చాలా కాలం పట్టింది. 1979లో బిహార్ జైళ్లలో ఏళ్ల తరబడి మగ్గుతున్న విచారణ ఖైదీల కేసులో, సత్వర విచారణ రాజ్యాంగం 21వ అధికరణం ఇచ్చిన హక్కేనని సుప్రీంకోర్టు చెప్పింది. 1991లో అంతూలే కేసులో ఆ హక్కు దర్యాప్తు దశకూ వర్తిస్తుందంది, కానీ ఇన్నాళ్లలో ముగించాలని గడువు మాత్రం పెట్టలేదు. 1997లో వినీత్ నారాయణ్ (హవాలా) కేసు తీర్పు వచ్చేసరికి కోర్టే దర్యాప్తు నివేదికలు తెప్పించుకుంటూ వెంటపడింది.

చట్టంలో గడువే లేదా అంటే, ఉంది. నిందితుడు రిమాండులో ఉంటే నేరాన్ని బట్టి 60 లేదా 90 రోజుల్లో ఛార్జిషీటు వేయాలి, లేకుంటే బెయిలు అతని హక్కు. చిక్కంతా ఇక్కడే. ఆ గడువు లోపలున్న నిందితుడి కోసం పెట్టింది, బయట తిరిగే ఫిర్యాదుదారు కోసం కాదు. 2014లో అర్నేశ్ కుమార్ తీర్పు తర్వాత ఏడేళ్ల లోపు శిక్షపడే కేసుల్లో అరెస్టులు తగ్గి, నోటీసులు పెరిగాయి. మంచిదే. కానీ అరెస్టు లేకపోతే ఆ 60 రోజుల లెక్క మొదలే కాదు. ఈలోగా ఎస్సై బ్రహ్మోత్సవాల బందోబస్తుకు వెళ్తాడు, లేదా బదిలీ అవుతాడు. కొత్తాయన కేసు డైరీ (సీడీ) ఫైలు తిరగేస్తూ మళ్లీ మొదటినుంచి అడుగుతాడు.

ఇలాంటి ఫిర్యాదుదారులకు 2007 డిసెంబరులో సకిరి వాసు కేసు ఒక దారి చూపింది. హైకోర్టుకు పరుగెత్తకుండా ముందు ఎస్పీకి రాయండి, అక్కడా కదలకపోతే స్థానిక మేజిస్ట్రేటు దగ్గరికి వెళ్లండి, దర్యాప్తు సక్రమంగా సాగుతోందో లేదో చూసే అధికారం ఆయనకుందని తీర్పు సారం. నా దృష్టిలో చిత్తూరు, తిరుపతి జనానికి అమరావతి ప్రయాణం కన్నా పనికొచ్చేది ఇదే.

పాత సీఆర్‌పీసీ స్థానంలో 2024 జులై 1న అమల్లోకి వచ్చిన భారతీయ నాగరిక సురక్షా సంహిత 175(3)లోనూ ఆ దారి నిలిచింది, కాకపోతే ఇప్పుడు పిటిషన్‌తో అఫిడవిట్ కూడా పెట్టాలి. దర్యాప్తు ఎంతవరకు వచ్చిందో 90 రోజుల్లోగా ఫిర్యాదుదారుకు తెలపాలని 193వ సెక్షన్ కొత్తగా చెప్పింది. తెలపకపోతే ఏమవుతుందో మాత్రం ఆ సెక్షన్‌లో లేదు.