ఫేషియాను చేతితో సాగదీయగలమా?

మటన్ కొట్టులో తొడ మాంసాన్ని ముక్కలు చేసేటప్పుడు కండల మధ్య మెరుస్తూ కనిపించే తెల్లటి పలుచని పొరను చాలామంది చూసే ఉంటారు. కత్తి మొనతో లేపి లాగితే అది చిరగకుండా కొంతదూరం వస్తుంది. ఎంత ఉడికించినా పంటి కింద మొండికేస్తుంది. మన శరీరంలోనూ చర్మం అడుగు నుంచి మొదలై ప్రతి కండనూ, కండలోని పోగులనూ, నరాలనూ, రక్తనాళాలనూ, లోపలి అవయవాలనూ చుట్టుకుంటూ, ఒకదానితో మరొకదాన్ని కలుపుతూ సాగే ఈ పొరల అల్లికనే వైద్యులు ఫేషియా అంటారు. నడుము నొప్పికో, మెడ నొప్పికో, మడమ నొప్పికో ఫిజియోథెరపిస్టు దగ్గరికి వెళ్లినవారికి ఈమధ్య తరచుగా వినబడే మాట ఒకటుంది: "మీ ఫేషియా బిగుసుకుపోయింది, చేతితో విడదీయాలి." ఆ మాటలో మొదటి సగానికి కొంత ఆధారం ఉంది. చిక్కంతా రెండో సగంతోనే.

శరీర నిర్మాణ శాస్త్రం ఈ పొరలను చాలాకాలం లెక్కలోకి తీసుకోలేదు. శవాన్ని కోసి నేర్చుకునే వైద్య విద్యార్థి మొదట చేసే పని పొరలను గీకి పక్కన పడేసి, కింది కండను శుభ్రంగా బయటపెట్టడమే. అందుకే పాఠ్యపుస్తకాల బొమ్మల్లో ఎర్రటి కండలు మాత్రమే మిగిలాయి. ఇటలీలోని పాదువా విశ్వవిద్యాలయంలో కార్లా స్టెక్కో, ఆమె సహచరులు ఈ గీకి పారేసే భాగాన్నే ఓపికగా పరిశీలించి, లోతు ఫేషియా ఒకే పొర కాదనీ, వేర్వేరు దిశల్లో పేర్చిన కొల్లాజెన్ (కణజాలానికి బలాన్నిచ్చే ప్రోటీన్) పోగుల పొరలనీ, వాటి మధ్య హయలురోనాన్ అనే జారుడు పదార్థం పలుచగా పరుచుకుని ఉంటుందనీ వివరించారు. మోకాళ్లు అరిగినవారికి కీలులోకి ఎక్కించే "జెల్ ఇంజెక్షన్" కూడా ఈ పదార్థమే. ఫేషియా మీద తొలి అంతర్జాతీయ పరిశోధన సదస్సు 2007లో బోస్టన్‌లోని హార్వర్డ్ వైద్య కళాశాలలో జరిగింది. శస్త్రవైద్యులకు వందల ఏళ్లుగా తెలిసిన ఒక భాగానికి ప్రత్యేకంగా ఒక సదస్సు అవసరమని తోచడానికి అంతకాలం పట్టిందన్నమాట.

ఈ పొర నొప్పిని పుట్టించగలదా అన్న ప్రశ్నకు సమాధానం కొంత స్పష్టంగానే ఉంది. ఎలుకల నడుము ఫేషియాలో నొప్పి సంకేతాలను మోసే నరాల చివళ్లు ఉన్నాయని జర్మనీలోని హైడెల్‌బర్గ్ పరిశోధకులు చూపించారు. 2014లో ప్రచురితమైన మరో జర్మన్ ప్రయోగంలో ఆరోగ్యవంతులైన 12 మంది నడుములోకి గాఢమైన ఉప్పునీటిని సూదితో ఎక్కించారు. అల్ట్రాసౌండ్ తెరపై చూస్తూ ఒకసారి చర్మం కిందికి, ఒకసారి కండలోకి, ఒకసారి ఆ కండను చుట్టిన ఫేషియా దగ్గరికి సూది మొనను చేర్చారు. ఫేషియా దగ్గర ఎక్కించినప్పుడు నొప్పి ఎక్కువ తీవ్రంగా, ఎక్కువ సేపు, ఎక్కువ మేర వ్యాపించి ఉంది. "నడుం పట్టేసింది" అని మనం ఊరికే కండ మీద వేసే నిందలో కొంత భాగం దాని తొడుగుకు చెందాలేమో.

బిగుసుకుపోవడం మాటకొస్తే, అమెరికాలోని వెర్మాంట్ విశ్వవిద్యాలయంలో హెలెన్ లాంజెవాన్ బృందం 2011లో ప్రచురించిన పరిశోధన ముఖ్యమైనది. బోర్లా పడుకున్న మనిషి నడుమును కదిలే బల్ల సాయంతో నెమ్మదిగా వంచుతూ, లోపల ఫేషియా పొరలు ఒకదానిమీద ఒకటి ఎంత జారుతున్నాయో అల్ట్రాసౌండ్‌తో కొలిచారు. దీర్ఘకాలిక నడుము నొప్పి ఉన్నవారిలో ఆ జారుడు సుమారు 20 శాతం తక్కువగా కనిపించింది. అయితే పొరలు జారకపోవడం వల్ల నొప్పి వచ్చిందా, నొప్పి వల్ల నెలల తరబడి నడుము కదపకపోవడంతో పొరలు జారడం తగ్గిందా అన్నది ఈ కొలతతో తేలదు. చికిత్సను అమ్మేవారు ఈ రెండో అవకాశాన్ని సాధారణంగా ప్రస్తావించరు.

ఇక చేతుల సంగతి. ఫేషియాను వైద్యానికి కేంద్రంగా భావించినవారిలో మొదట చెప్పుకోవలసింది 1874లో ఆస్టియోపతీకి (ఎముకలను, కండలను చేతులతో సరిచేసే వైద్య పద్ధతికి) నాంది పలికిన అమెరికన్ వైద్యుడు ఆండ్రూ టేలర్ స్టిల్. తర్వాతి శతాబ్దంలో ఐడా రోల్ఫ్ దాన్ని మరింత ముందుకు తీసుకెళ్లారు. 1920లో కొలంబియా విశ్వవిద్యాలయం నుంచి జీవరసాయన శాస్త్రంలో డాక్టరేట్ పొందిన ఆమె, ఫేషియా గడ్డకట్టిన జిగురులాంటిదనీ, చేతి ఒత్తిడీ వేడీ తగిలితే అది మెత్తబడి కొత్త ఆకారానికి ఒదుగుతుందనీ నమ్మారు. కండనూ దాని ఫేషియానూ చేతితో వదులు చేస్తామనే నేటి మయోఫేషియల్ రిలీజ్ పద్ధతులు చాలావరకు ఈ ఊహ నుంచి పుట్టినవే.

ఈ ఊహను లెక్కలతో పరీక్షించిన పని ఒకటి 2008లో వెలువడింది. హన్స్ చౌదరి, రాబర్ట్ ష్లైప్, వారి సహచరులు కణజాలపు గట్టిదనం కొలతలను తీసుకుని, ఎంత బలంతో నొక్కితే ఫేషియా ఎంత రూపు మారుతుందో గణిత నమూనాతో లెక్కకట్టారు. తొడ బయటివైపు ఉండే దట్టమైన ఫేషియాను కేవలం 1 శాతం అణచడానికి సుమారు 925 కిలోల బరువుకు సమానమైన బలం కావాలి. అరికాలి ఫేషియాకైతే 852 కిలోలు. ఏ మోచేయీ అంత బలం పెట్టలేదు, పెడితే ముందు విరిగేది ఎముక. ముక్కు మీది పలుచని పై ఫేషియా మాత్రం చేతి బలానికి లొంగుతుందని అదే లెక్క చెప్పింది. ఈ పరిశోధకుల్లో ష్లైప్ స్వయంగా రోల్ఫ్ పద్ధతిలో శిక్షణ పొందిన చికిత్సకుడు. తన వృత్తి ఆనుకున్న నమ్మకాన్నే లెక్కకు పెట్టిన ఆయన నిజాయితీ నాకు నచ్చుతుంది.

మరి చేయి పడ్డాక హాయిగా ఉందని రోగులు చెప్పేది అబద్ధమా? కాదు. మయోఫేషియల్ రిలీజ్ చేసేటప్పుడు చికిత్సకుడు సాధారణంగా నూనె రాయడు, రాస్తే చేయి జారిపోతుంది. రెండు అరచేతులను ఎదురెదురు దిశల్లో ఆనించి, చర్మంలోని వదులును ముందుగా తీసేసి, నెమ్మదిగా లోతుకు దిగి, ఒకే చోట ఒకటి రెండు నిమిషాలో అంతకంటే ఎక్కువో కదలకుండా పట్టి ఉంచుతాడు. కొంతసేపటికి చేతి కింద ఏదో కరిగినట్టు అతనికీ తెలుస్తుంది, పడుకున్నవారికీ తెలుస్తుంది. ఆ అనుభవం నిజమే, దానికి చెప్పుకుంటున్న కారణమే సందేహాస్పదం. నిలకడైన ఒత్తిడికి, పక్కకు లాగే బలానికి స్పందించే నరాల చివళ్లు చర్మంలోనూ ఫేషియాలోనూ ఉన్నాయి. వాటి నుంచి వెళ్లే సంకేతాలతో వెన్నుపాము, మెదడు ఆ కండల బిగువును సడలిస్తాయి, ఊపిరి నెమ్మదిస్తుంది. దెబ్బ తగిలిన చోట చేత్తో రుద్దుకుంటే బాధ తగ్గినట్టుండటానికి మెల్జాక్, వాల్ అనే నొప్పి పరిశోధకులు 1965లో ప్రతిపాదించిన సిద్ధాంతం ఇచ్చే వివరణ, అంటే స్పర్శ సంకేతాలు వెన్నుపాములో నొప్పి సంకేతాలకు అడ్డుపడతాయన్నది, ఇక్కడా కొంత వర్తిస్తుంది. నమ్మకం, చికిత్సకుడి మాట, అరగంట సేపు ఒకరు శ్రద్ధగా పట్టించుకోవడం కూడా నొప్పిని తగ్గిస్తాయి. పొరల మధ్య చిక్కబడ్డ హయలురోనాన్ రాపిడితో పలచబడుతుందన్న స్టెక్కో బృందం వాదన కొల్లాజెన్‌ను సాగదీస్తామనే వాదన కంటే నమ్మదగినదే గాని, మనిషి నొప్పి తగ్గడానికి అదే కారణమని ఇంకా రుజువు కాలేదు. ఎంత గట్టిగా నొక్కి కమిలిపోయేలా చేస్తే అంత మేలన్న నమ్మకానికి మాత్రం పై లెక్కల తర్వాత నిలబడే చోటు లేదు.

ఫలితాల దగ్గరికి వస్తే, కేరళ పరిశోధకులు నడుము నొప్పి ఉన్న నర్సులపై చేసి 2014లో ప్రచురించిన ప్రయోగంలో, వ్యాయామాలు మాత్రమే చేసి ఉత్తుత్తి చికిత్స పొందినవారికంటే వ్యాయామంతో పాటు మయోఫేషియల్ రిలీజ్ పొందినవారికి నొప్పి బాగా తగ్గింది. స్పెయిన్‌లో 54 మందిపై జరిగి 2017లో వెలువడిన ప్రయోగంలోనూ ఉత్తుత్తి చికిత్స కంటే అసలు చికిత్సే మెరుగనిపించింది. కానీ ఆ తేడా రోగి జీవితంలో పట్టి చూపేంత పెద్దదో కాదో చెప్పలేమని పరిశోధకులే రాశారు. ఈ రంగంలో తప్పించుకోలేని ఇబ్బంది మరొకటి ఉంది: మందు బిళ్లకు బదులు పంచదార బిళ్ల ఇచ్చినట్టు చేతి స్పర్శకు బదులు దేన్నీ ఇవ్వలేం, చేసే మనిషికి తాను చేస్తున్నది అసలో ఉత్తుత్తో తెలిసే ఉంటుంది.

ప్రపంచ ఆరోగ్య సంస్థ 2023 డిసెంబరులో దీర్ఘకాలిక నడుము నొప్పిపై ఇచ్చిన మార్గదర్శకాల్లో మర్దనను ఇవ్వదగిన చికిత్సల్లో చేర్చింది, ఆధారాల బలం తక్కువేనని చెబుతూనే. నడుముకు బెల్టులు, ట్రాక్షన్ (నడుమును లాగి పట్టి ఉంచడం), చికిత్సా అల్ట్రాసౌండ్, చర్మం మీద నుంచి స్వల్ప విద్యుత్తు పంపే టెన్స్ యంత్రం వంటివి మాత్రం మామూలుగా వాడవద్దని అదే పత్రం చెబుతోంది. మన ఊళ్లలో "కరెంటు పెట్టించుకోవడం" అని పిలుచుకునే చికిత్స చాలావరకు ఈ చివరి రెండు రకాలదే కాబట్టి, ఆ డబ్బుకు చేతి చికిత్సతో పాటు వ్యాయామం నేర్పించుకోవడం మేలైన బేరం.

మడమ నొప్పి విషయంలో ఈ మాట మరీ నిజం. ఉదయం మంచం దిగి మొదటి అడుగు వేయగానే మడమలో పొడిచినట్టుండే ఆ బాధ అరికాలి ఫేషియాది. మధుమేహం ఉన్నవారిలో చక్కెర కొల్లాజెన్ పోగులకు అతుక్కుని వాటిని గట్టిపరుస్తుంది కాబట్టి ఈ పొర మందమెక్కుతుంది. భుజం బిగుసుకుపోవడం వారిలో ఎక్కువగా కనిపించడం కూడా ఈ కోవలోనిదే. అరికాలిని బంతి మీద దొర్లించడం తాత్కాలిక ఉపశమనం. డెన్మార్క్‌లో జరిగి 2014లో వెలువడిన ప్రయోగంలో కాలివేళ్ల కింద చుట్టిన తువ్వాలు పెట్టి మెట్టు అంచున నిలబడి, మూడు సెకన్లలో మడమ పైకెత్తి, రెండు సెకన్లు ఆపి, మూడు సెకన్లలో దించే వ్యాయామాన్ని రోజు విడిచి రోజు చేసినవారు, కాలిని సాగదీసే వ్యాయామం మాత్రమే చేసినవారికంటే మూడు నెలల నాటికి మెరుగ్గా ఉన్నారు. ఏడాది తిరిగేసరికి రెండు బృందాలూ సమానమయ్యాయి. చేతితో 852 కిలోల బలం పెట్టలేకపోయినా, ఒంటి బరువును రోజు విడిచి రోజు కొంచెం కొంచెంగా మోయిస్తే కణజాలం దానంతట అదే బలపడుతుంది.

కొన్ని సందర్భాల్లో మాత్రం ఎవరి చేయీ పడకూడదు. రక్తం పలచబడే మందులు వాడేవారికి, ఎముకలు బాగా గుల్లబారినవారికి గట్టి ఒత్తిడి ప్రమాదం. నడుము నొప్పితో పాటు జ్వరం, కారణం లేకుండా బరువు తగ్గడం, కాళ్లలో బలం తగ్గడం, మలమూత్రాలపై పట్టు తప్పడం ఉంటే ముందు వెళ్లవలసింది డాక్టరు దగ్గరికి. సుదీర్ఘ ప్రయాణం తర్వాతో, శస్త్రచికిత్స తర్వాతో ఒక్క పిక్క మాత్రమే వాచి, వేడెక్కి, నొప్పి పుడుతుంటే అక్కడ సిరలో రక్తం గడ్డకట్టి ఉండవచ్చు. కండ పట్టేసిందనుకుని దాన్ని పిసికితే ఆ గడ్డ కదిలి ఊపిరితిత్తులకు చేరే ప్రమాదం ఉంది.