నవ్వు ఎవరి మీద? ప్రేమ హాస్యం గురించి అపోహలు, వాస్తవాలు

నల్లగొండలో డిగ్రీ విద్యార్థులకు చాలా ఏళ్లుగా తెలుగు చెబుతున్నాను. ప్రేమ, హాస్యం కలిసిన పాఠం మొదలైన ప్రతిసారీ కొందరు తల దించుకుంటారు, కొందరు వెకిలిగా నవ్వుతారు. రెండింటికీ మూలం ఒకటే.

అపోహ: ప్రేమ సన్నివేశంలో హాస్యం వచ్చిందంటే కవి ప్రేమించినవారిని ఎగతాళి చేస్తున్నట్టే.

వాస్తవం: భరతుడు నాట్యశాస్త్రంలో శృంగారం నుండి హాస్యం పుడుతుందని చెప్పి, శృంగారానికి అనుకరణే హాస్యమన్నాడు. ఆ 'అనుకరణ' అన్న మాటను పట్టించుకోకుండా ఎవరో చెప్పింది విని తీర్పులిచ్చేవారిని చూస్తే నాకు ఓపిక నశిస్తుంది. 1897లో తొలిసారి అచ్చయి, 1909లో మార్పులతో మళ్లీ వచ్చిన గురజాడ నాటకం కన్యాశుల్కంలో గిరీశం, రామప్పంతులు మధురవాణి ఇంట్లో ఒకే మంచం కింద దూరుతారు. గిరీశాన్ని వెతుక్కుంటూ వచ్చిన పూటకూళ్లమ్మ చీపురు దెబ్బ రామప్పంతులుకు తగులుతుంది. ఆ దెబ్బ తగిలింది ప్రేమకు కాదు, దాని వేషం కట్టినవారికి. గిరీశాన్ని నమ్మిన బుచ్చమ్మకు చివరికి పూనాలో చదువుకునే దారి దొరుకుతుంది, కథ అడ్డం తిరిగేది గిరీశానికే.

ఈ అపోహ వల్ల ఎక్కువగా నష్టపోయేది ఆడపిల్లలు. ఒక ఏడాది దేవరకొండ వైపు నుండి రోజూ బస్సులో వచ్చే విద్యార్థిని చేత పెద్దన మనుచరిత్రలోని 'ఇంతలు కన్నులుండ' పద్యం చదివించాను. సందర్భం ముందే వివరించకపోవడం నా తప్పు. వెనుక బెంచీల్లో నవ్వులు లేవగానే ఆ అమ్మాయి పద్యం సగంలో పుస్తకం మూసింది, నాలుగు రోజులు తరగతికి రాలేదు. అయిదో రోజు ఆమె తండ్రి భుజాన తువ్వాలతో స్టాఫ్ రూం గుమ్మంలో నిలబడి, "గిసొంటి పద్యాలు పిల్లలకెందుకు సార్?" అని అడిగాడు. ఆయన గొంతులో కోపం కన్నా బెదురే ఎక్కువగా ఉంది.

కూర్చోబెట్టి కథ చెప్పాను. కాళ్లకు పూసుకుంటే కోరిన చోటికి చేర్చే పాదలేపంతో హిమాలయానికి వెళ్లిన ప్రవరుడు, అది మంచుకు కరిగిపోవడంతో ఇంటికి దారి చెప్పమని అక్కడ కనిపించిన అప్సరస వరూధినిని అడుగుతాడు. అంతేసి కళ్లుండగా దారి ఎవరినో అడగడమెందుకు, ఒంటరిగా ఉన్న ఆడవాళ్లను పలకరించడానికి ఇదొక నెపం కాదా, వచ్చిన త్రోవ నీకు తెలియదా అని ఆమె నిలదీస్తుంది. ఇక్కడ చమత్కారమంతా వరూధినిదే. అతడు వెళ్లిపోయాక ఆమె పడిన బాధను పెద్దన నవ్వులాటగా రాయలేదు. కథలో ఆమెను మోసగించినవాడు ప్రవరుడి రూపం ధరించిన గంధర్వుడు, అంటే అక్కడా అనుకరణే. ఆ తండ్రి కాసేపు ఆలోచించి, "అయితే తొవ్వ తప్పింది గా అయ్యగారే కద సార్" అని మెల్లగా నవ్వాడు.

ఇక పాతకాలపు ప్రేమలో ఏడుపే తప్ప నవ్వు లేదనేవారికి, నవ్వు ఉంటే బూతూ ఉండి తీరుతుందనేవారికి హాలుడు కూర్చిన ప్రాకృత పద్యాల సంకలనం గాథాసప్తశతిలో ఒక గాథ చాలు. నీళ్లు పోస్తున్న అమ్మాయిని తలెత్తి చూస్తూ బాటసారి వేళ్ల సందుల నుండి నీరు జారవిడుస్తుంటే, ఆమె ధారను ఇంకా సన్నగా చేస్తుంది.

తండ్రి వచ్చి వెళ్లిన మరునాడు ఆ విద్యార్థిని తరగతికి వచ్చింది. ముందు కథ చెప్పి, పద్యాన్ని మళ్లీ ఆమె చేతనే చదివించాను. 'నీ వెరుగవే మును వచ్చిన త్రోవ చొప్పు' దగ్గర తరగతి మళ్లీ నవ్వింది, ఈసారి ఆమె కూడా నవ్వి, పద్యం పూర్తి చేసింది.