కదలిక లేని లోకం ఉంటుందా?

హనుమకొండ

చిరంజీవులైన పిల్లలకు తాత ఆశీస్సులు.

మనుషులు, రంగులు, కదలిక ఏవీ లేని లోకం ఎలా ఉంటుందని మీరు అడిగారు. మనసులోనే ఒక్కొక్కటిగా తీసేస్తూ చూద్దాం.

మనుషులను తీసేయడం తేలిక. 1163లో రుద్రదేవుడు కట్టించిన వేయిస్తంభాల గుడి మనం లేకపోయినా నిలిచే ఉంటుంది, మొక్కేవారే ఉండరు.

రంగుల దగ్గర కాస్త ఆగాలి. ఎంగిలిపూల బతుకమ్మ నాడు, దీపాలు వెలిగించక ముందు, చీకటి పడుతున్నకొద్దీ పూలను గమనించండి. మొదట నల్లబడేది ఎర్రని సీతజడ. ఆ తర్వాత తంగేడు పసుపు కూడా బూడిదలా మారిపోతుంది. పూలు మారలేదు, మన కంటిలో రంగును గుర్తించే శంకు కణాలు చీకట్లో పనిచేయవు, అప్పుడు చూపును నడిపించే దండ కణాలకు వెలుగునీడలు తప్ప రంగు తెలియదు. పువ్వు మీద పడి తిరిగివచ్చిన కాంతిని కన్ను అందుకుని, మెదడు పోల్చుకున్నప్పుడే అది పసుపు అవుతుంది. కనుక మనుషులతో పాటు పక్షులను, తేనెటీగలను, చూపున్న ప్రాణులన్నింటినీ తీసేస్తే రంగులను వేరే తీసేయనక్కరలేదు.

కదలిక మాత్రం అంత సులభంగా పోయేది కాదు. గుడి ముందరి నల్లరాతి నందిని ఎండవేళ తాకితే చెయ్యి చుర్రుమంటుంది; ఆ వేడి రాతిలోని పరమాణువుల వణుకే. చల్లబడేకొద్దీ ఆ వణుకు తగ్గుతుంది కానీ ఆగదు. మైనస్ 273.15 డిగ్రీల సెల్సియస్ దాకా ఏ వస్తువునూ చల్లార్చలేం, ఆ దరిదాపుల్లో కూడా పరమాణువులు కొంత కదులుతూనే ఉంటాయి. పైగా భూమి తన చుట్టూ తాను తిరుగుతోంది గనుక, మన ఓరుగల్లు కోటతో, చెరువులతో సహా గంటకు 1,500 కిలోమీటర్లకు పైగా వేగంతో తూర్పుకు సాగుతోంది.

మీరు ఊహించిన లోకానికి మనకు దగ్గరలో ఉన్న పోలిక చందమామే. గాలి లేనందువల్ల అక్కడ పట్టపగలు కూడా ఆకాశం నల్లగానే ఉంటుంది. 1969 నుంచి 1972 వరకు నడిచిన 12 మంది అడుగుజాడలను చెరిపేందుకు వానా లేదు. అయినా వారు అమర్చివచ్చిన పరికరాలు చంద్రుడి నేల కంపించడాన్ని నమోదు చేశాయి.

ఒకవేళ నిజంగానే సమస్తమూ ఆగిపోయిందనుకున్నా, ఎంతసేపు ఆగిందో కొలిచే వీలుండదు, ఎందుకంటే గడియారం నడిచేదీ కదలికతోనే. సీసియం పరమాణువు వెలువరించే ఒక తరంగం 919 కోట్ల 26 లక్షల పైచిలుకు సార్లు ఊగే కాలాన్ని శాస్త్రజ్ఞులు సెకనుగా నిర్ణయించారు. అదీ ఊగని చోట ఒక క్షణం తర్వాత మరో క్షణం ఎలా వస్తుందో నా ఊహకు అందడం లేదు. మీకు అందితే తప్పకుండా రాసి పంపండి.

మీ తాత