కౌబాయ్ బూట్లు దుకాణంలో కొనాలా, కంపెనీ దగ్గరే కొనాలా? అపోహలు - వాస్తవాలు

నల్లగొండ గడియారం సెంటర్‌లో గానీ మహబూబ్‌నగర్ న్యూటౌన్‌లో గానీ కోసు ముక్కు, ఎత్తు హీలు, పిక్క సగం దాకా తోలు ఉన్న బూట్లు ఇప్పుడు అప్పుడప్పుడు కనిపిస్తున్నాయి. డల్లాస్‌లో ఉన్న కొడుకో బామ్మర్దో తెచ్చినవి కొన్ని, ఇక్కడి షోరూముల్లో ‘వెస్టర్న్ బూట్’ పేరుతో కొన్నవి కొన్ని. బూట్లతో పాటు సలహాలు కూడా ఊరంతా తిరుగుతున్నాయి. వాటిలో పైసలు పోగొట్టే వాటిని పట్టుకుని ఒక్కోటి విప్పి చూద్దాం.

అపోహ: “కంపెనీ సైట్లో కొంటే నడుమ దుకాణపోడు ఉండడు, అగ్గువకు వస్తది.”

వాస్తవం: వినడానికి లెక్క బాగానే ఉంది. కానీ దుకాణాలకు హోల్‌సేల్‌గా సరుకు వేసే బ్రాండు, అదే సరుకును తన సైట్లో తక్కువకు అమ్మితే ఏ దుకాణమూ ఊరుకోదు, ఆ బ్రాండును అరల్లోంచి తీసేస్తుంది. అందుకే ‘ఇంతకన్నా తక్కువ ధర ప్రకటించొద్దు’ అని డీలర్లకు కట్టుబాటు పెట్టడం అమెరికాలో మామూలు. కొత్తగా వచ్చిన జస్టిన్, టోనీ లామా, ఏరియట్ మోడల్ ఏదైనా తీసుకుని బూట్ బార్న్, కేవెండర్స్ లాంటి చెయిన్ల ధరనూ కంపెనీ సైటు ధరనూ పక్కపక్కన పెట్టి చూడండి, అంకె తరచుగా ఒకటే ఉంటుంది. 2015లో ఆస్టిన్‌లో మొదలైన టెకోవాస్ నడుమ దుకాణం లేకుండానే అమ్ముతామని వచ్చింది. తర్వాత అది కూడా సొంత షోరూములు తెరిచింది. షోరూము తెరిచాక కిరాయి, జీతాలు, కరెంటు బిల్లు ఎవరికైనా తప్పవు.

నిజంగా పైసలు మిగిలే చోట్లు రెండున్నాయి. చెయిన్ దుకాణంలో రంగులో సైజులో తెగిపోయి మిగిలిన జతలు పెట్టే క్లియరెన్స్ అర ఒకటి, కంపెనీ తన దగ్గర అమ్మే సెకండ్స్, అంటే చిన్న లోపాలున్న జతలు, రెండోది. సెకండ్స్‌లో తోలు మీద మచ్చ, పై కుట్టు వంకర ఉంటే పర్వాలేదు. రెండు బూట్ల పొడవులో తేడా ఉన్నా, సోలు అంచు కుట్టు వదిలినా వదిలేయండి.

ఇంకో మాట. మన ఎంఆర్‌పీలో పన్నులన్నీ కలిసే ఉంటాయి. అక్కడి ట్యాగు మీద పన్ను ఉండదు. డల్లాస్‌లో 8.25 శాతం అమ్మకం పన్ను కలిపితే 250 డాలర్ల జత 270.63 అవుతుంది. సైట్లో కొన్నా అంతే. ఆగస్టులో టెక్సస్‌లో పన్ను లేని శుక్ర, శని, ఆదివారాలు వస్తాయి కానీ ఆ మినహాయింపు 100 డాలర్ల లోపు వాటికే, కాబట్టి మంచి బూటుకు అది అక్కరకు రాదు.

అపోహ: “మావోడి సైజు 9, షూ కూడా 9 వేస్తడు. ఆర్డర్ పెట్టేయి.”

వాస్తవం: ఎక్కువ జతలు పాడయ్యేది, అంటే వాడకుండా అటక ఎక్కేది, ఇక్కడే. మన డబ్బాల మీద ఉండేది యూకే సైజు. మగవాళ్ల అమెరికా సైజు దానికన్నా సుమారు ఒకటి ఎక్కువ. ఇక్కడి 8 అక్కడ 9 దగ్గర. పైగా స్పోర్ట్స్ షూ వేళ్ల ముందు చోటు వదిలి కొంటాం కాబట్టి, దాని సైజుకన్నా కౌబాయ్ బూటు తరచుగా అర సైజు తక్కువ పడుతుంది.

దీనికి లేసులు ఉండవని గుర్తుపెట్టుకోవాలి. లేసు ఉన్న షూ కాస్త వదులైతే బిగించుకుంటాం. ఈ బూటును కాలికి పట్టి ఉంచేది మీగాలు ఒక్కటే. మీగాలు దగ్గర తోలు చేతితో పట్టుకున్నట్టు ఉండాలి, నొక్కినట్టు ఉండొద్దు.

అమెరికా దుకాణాల్లో కాలు పెట్టి కొలిచే లోహపు పలక ఉంటుంది, బ్రానాక్ అంటారు. అది మడమ నుంచి వేలి కొస దాకా ఒక కొలత, మడమ నుంచి బొటనవేలి కణుపు దాకా ఇంకో కొలత, అడ్డం వెడల్పు మూడోది చూపిస్తుంది. బూటుకు ఈ రెండోది ముఖ్యం, ఎందుకంటే సోలు వంగేది ఆ కణుపు దగ్గరే. కణుపు ఒక చోట, బూటు వంపు ఇంకో చోట ఉంటే తోలు అడ్డంగా మడత పడి వేళ్లను కోస్తుంది.

ఇంట్లో కొలవాలంటే సాయంత్రం పూట కొలవండి, పొద్దంతా తిరిగాక కాలు కొంచెం ఉబ్బుతుంది. గోడకు ఆనించి నేల మీద కాగితం పరచండి. మడమ గోడకు తాకేలా, బరువు రెండు కాళ్ల మీదా వేసి నిలబడండి. పెన్సిల్ నిటారుగా పట్టుకుని ఇంకొకరు గీత గీయాలి. కూర్చుని గీసిన కొలత పనికిరాదు. ఎక్కువ పొడవున్న వేలి కొస దాకా అంగుళాల్లో కొలిచి, మూడుతో గుణించి, 22 తీసేయండి. 10.5 అంగుళాల పాదమైతే 31.5లోంచి 22 పోను 9.5. ఇది మగవాళ్ల అమెరికా సైజు. ఒక సైజుకు ఇంకో సైజుకు తేడా అంగుళంలో మూడో వంతు, అంటే 8.47 మిల్లీమీటర్లే. పెన్సిల్ లోపలికి వంగి 4 మిల్లీమీటర్లు పోతే అర సైజు మారినట్టే. రెండు కాళ్లూ కొలిచి పెద్దదాన్నే లెక్కలోకి తీసుకోండి. దర్జీ టేపుతో కణుపుల చుట్టుకొలత, మీగాలు చుట్టుకొలత కూడా రాసిపెట్టండి.

వెడల్పుకు అక్షరాలుంటాయి: మగవాళ్లకు డి మామూలు, డబుల్ ఈ వెడల్పు, బి సన్నం. చిన్నప్పటి నుంచి చెప్పుల్లో తిరిగిన పాదం ముందుభాగం విశాలంగా ఉండటం మన దగ్గర సాధారణం. వెడల్పు చాలకపోతే పొడవు పెంచి కొనడం పెద్ద పొరపాటు, అప్పుడు మడమ జారుతుంది, కణుపు వంపులో కూర్చోదు. దుకాణం అరలో డి రకమే ఎక్కువ పెడతారు. డబుల్ ఈ కావాలంటే కంపెనీ సైట్లోనే దొరికే అవకాశం ఎక్కువ, నేరుగా కొనడంలో అసలు లాభం ఇదే.

మొదటి జత దుకాణంలో తొడిగి చూసే తీసుకోవాలని మేం గట్టిగా చెప్తాం. తొడిగినప్పుడు మీగాలు దగ్గర కాస్త అడ్డుపడి, ‘టప్’మని లోపలికి దిగాలి. అడ్డుపడకుండా దిగితే వదులు. నడిస్తే మడమ పావు నుంచి అర అంగుళం లేవడం కొత్త బూటుకు సహజమే, సోలు వంగడం మొదలయ్యాక తగ్గుతుంది. వేళ్లు ముందు తాకొద్దు. తోలు వెడల్పులో కొద్దిగా సాగుతుంది కానీ పొడవులో సాగదు. ‘వేసుకుంటే సాగుతది’ అని సేల్స్‌మన్ పొడవు గురించి అంటే నమ్మకండి. మీగాలు కొంచెం వదులైతే 2, 3 మిల్లీమీటర్ల అట్ట లోపల వేసి సర్దొచ్చు, పొట్టి బూటుకు మాత్రం మందు లేదు.

ఒక్కసారి కుదిరాక బూటు లోపలి తోలు మీద ముద్రించిన మోడల్ నంబరు, సైజు, వెడల్పు ఫోటో తీసి పెట్టుకోండి. రెండో జత అదే నంబరు అయితే సైట్లో నిర్భయంగా కొనొచ్చు. నంబరు మారితే బూటు కుట్టే కాలి అచ్చు మారొచ్చు, అదే బ్రాండులో కూడా.

అపోహ: “సరిపోకపోతే వాపస్ ఇద్దాం, రిటర్న్ ఉంది కదా.”

వాస్తవం: ఉంది, కొన్న రోజు నుంచి నెలో రెండు నెలలో. అబ్బాయి అక్టోబరులో సేల్‌లో కొని సంక్రాంతికి తెస్తే, నాయన కాలికి తొడిగే నాటికి గడువు దాటిపోతుంది. వచ్చే ముందు వారంలో కొనమనండి, లేదా తెచ్చేవాళ్లు తిరిగి వెళ్లే తేదీ దాకా గడువుందో లేదో చూడండి. ఇంట్లో తొడిగి చూసేటప్పుడు బండల మీద కాకుండా దుప్పటి పరిచి నడవండి. సోలు మీద గీత పడితే కొత్తది కింద తీసుకోరు.

అపోహ: “బ్రాండు పేరుంటే చాలు, ఎక్కడ కొన్నా ఒకే సరుకు.”

వాస్తవం: కాదు. చెయిన్ దుకాణం కోసమే ప్రత్యేకంగా తయారయ్యే మోడళ్లుంటాయి. చెయిన్ల సొంత బ్రాండ్లూ ఉంటాయి, బూట్ బార్న్‌కు కోడీ జేమ్స్, షయాన్ అలాంటివే. అవి చెడ్డవని కాదు. పేరు చూసి ధర పోల్చకండి, మోడల్ నంబరు, తయారీ పద్ధతి చూసి పోల్చండి.

తయారీ పద్ధతిని కళ్లతోనే పట్టుకోవచ్చు. బూటు తిరగేయండి. సోలు అంచు చుట్టూ పైన ఒక తోలు పట్టీ, దాని మీద కుట్టు ఉంటుంది, అదే వెల్ట్. పైన ఎన్ని కుట్లున్నాయో కింద సోలు మీద గాడిలో అన్ని కనిపిస్తే నిజం కుట్టు. పైన కుట్టు ఉండి కింద నున్నగా ఉంటే అనుమానించండి, అంటించిన సోలు మీద అందానికి వేసిన పట్టీ కావచ్చు. మంచి కౌబాయ్ బూటులో పాదం మధ్య సన్నటి చోట సోలుకు రెండు పక్కలా చిన్న చిన్న చెక్క మేకుల వరస ఉంటుంది. తడికి సోలు ఉబ్బితే చెక్క కూడా ఉబ్బుతుంది, పట్టు వదలదు. ఇనుప మేకు ఆ పని చేయలేదు.

కుట్టిన బూటుకు సోలు మార్చుకోవచ్చు. అంటించిన దానికి పెద్దగా చేయలేం. పెళ్లిళ్లకు, ఫోటోలకు ఏడాదిలో పదిసార్లు వేసేవాళ్లకు అంటించినది చాలు. రోజూ వేసేవాళ్లకు అది పిరం పడుతుంది.

అపోహ: “డబ్బా విప్పని జత, సగం ధరకు ఇస్తున్నరు. కొత్తదే కదా!”

వాస్తవం: సోలు దేంతో చేశారో చూశాకే సంబరపడండి. ఇక్కడి షోరూముల్లో జిప్పు ఉన్న వెస్టర్న్ బూట్లలో పీయూ (పాలియురేథేన్ అనే ఒక రకం ప్లాస్టిక్) సోలువి చాలా ఉంటాయి, చేతిలో తేలిగ్గా, స్పాంజి గట్టిపడ్డట్టు ఉంటుంది. పీయూ వాడకపోయినా పాడవుతుంది. గాలిలోని తేమ లోపలి బంధాలను తెంపుతుంటుంది, మన ఎండల్లో గోదాము వేడి ఆ పనిని తొందర చేస్తుంది. మూడు నాలుగేళ్లు అటక మీద ఉన్న జత వేసుకుని పెళ్లికి బయల్దేరితే, మెట్లు దిగేలోపు సోలు మేరీ బిస్కెట్‌లా పెళుసుగా ముక్కలై రాలొచ్చు. గమ్ముతో అతకదు, ఎందుకంటే అతికించడానికి గట్టి అంచే మిగలదు.

డబ్బా మీద తయారీ లేదా దిగుమతి నెల, సంవత్సరం ఉండాలి, అది చట్టం. పీయూ సోలు అయితే రెండేళ్లు దాటిన సరుకు ఎంత డిస్కౌంటు ఇచ్చినా మేం వద్దంటాం. బొటనగోరుతో సోలు అంచు నొక్కి చూడండి. జిగటగా తగిలినా, పొడి రాలినా, వంచితే వెంట్రుక మందం పగుళ్లు కనిపించినా అక్కడే పెట్టేయండి. తోలు సోలుకూ మామూలు రబ్బరుకూ ఈ రోగం రాదు.

అపోహ: “అమెరికా సైటు నుంచి నేరుగా నల్లగొండకే తెప్పించుకుంటే సరి.”

వాస్తవం: సుంకం బూటు ధర మీదే వేయరు. బూటు 250 డాలర్లు, షిప్పింగ్ 60 అయితే లెక్క 310 మీద మొదలవుతుంది. ఆ సుంకం కలిపిన దాని మీద ఐజీఎస్టీ (దిగుమతి మీద పడే జీఎస్టీ), ఆఖరున కొరియర్ వాళ్ల చేతి ఖర్చు. ఆధార్ లేదా పాన్ వివరాలు కూడా అడుగుతారు. సైజు తప్పితే వాపసు షిప్పింగ్ మీదే, కట్టిన సుంకం మీద ఆశ వదులుకోవాల్సిందే. కొండచిలువ, మొసలి తోలు బూట్లయితే అసలు జోలికి పోకండి. అవి అంతర్జాతీయ వన్యప్రాణి ఒప్పందం కిందికి వస్తాయి, అనుమతి పత్రాలు లేకపోతే కస్టమ్స్ ఆపేస్తుంది. ఆవు, గేదె, మేక తోలుతో ఆ బాధ లేదు.

అపోహ: “‘అమ్మిన సరుకు వాపసు తీసుకోబడదు’ అని బిల్లు మీదే ఉంది, ఇంకేం చేస్తం?”

వాస్తవం: సైజు నచ్చకపోతే వాళ్ల ఇష్టం. లోపం ఉంటే ఆ అచ్చు అక్షరాలకు విలువ లేదు. 2019 వినియోగదారుల రక్షణ చట్టం ప్రకారం బిల్లులో రాసిన గడువులో, గడువు రాయకపోతే 30 రోజుల్లో, లోపమున్న సరుకును వాపసు తీసుకోకపోవడం అన్యాయ వ్యాపార పద్ధతి. బిల్లు ఇవ్వకపోవడం కూడా అంతే. ముందు జాతీయ వినియోగదారుల హెల్ప్‌లైన్ 1915కు ఫోన్ చేయండి. అక్కడ తేలకపోతే నల్లగొండలో, మహబూబ్‌నగర్‌లో జిల్లా వినియోగదారుల కమిషన్ ఉంది. దుకాణం హైదరాబాద్‌లో ఉన్నా మీరు ఉండే చోటే కేసు వేయొచ్చు, రెండేళ్లలోపు వేయాలి. సోలు ఊడిన రోజే పగటి వెలుతురులో ఫోటో తీయండి, గమ్ముతో అతికించాక లోపం నిరూపించడం కష్టం.

ఆన్‌లైన్‌లో కొన్నప్పుడు బిల్లు మీద అమ్మినవారి పేరు చూడండి. పేజీ పైన బ్రాండు పేరు, బిల్లు మీద ఇంకెవరో వ్యాపారి పేరు ఉంటే మీరు కంపెనీ దగ్గర కొన్నట్టు కాదు. జీఎస్టీ 2025 సెప్టెంబర్ 22 నుంచి జత 2,500 రూపాయల దాకా 5 శాతం, దాటితే 18 శాతం. ఆ పైన కాస్త ధర పెంచి ఏదో అలంకారం తగిలించిన మోడల్ కనిపిస్తే పన్ను ఎంత పెరిగిందో కూడా లెక్కేసుకోండి.

అపోహ: “తోలు సోలు మన రోడ్లకు ఆగదు.”

వాస్తవం: ఉన్నదున్నట్టు వాడితే ఆగదు, కంకర పొడి గీరేస్తుంది. తడి పెట్రోల్ బంకులో బండి దిగేటప్పుడు జారుతుంది కూడా. కొన్న వారంలో, సోలు కొంచెం గరుకు పడ్డాక, చెప్పులు కుట్టేవారి దగ్గర ముందు సగానికి 2 మిల్లీమీటర్ల రబ్బరు వేయించండి. తోలు మీది మెరుపు పోయేదాకా గీకాలి. సోలుకూ రబ్బరుకూ రెండింటికీ సొల్యూషన్ పూసి 10, 15 నిమిషాలు ఆరనివ్వాలి, వేలు పెడితే అంటీ అంటనట్టుండాలి. అప్పుడు అతికించి మధ్య నుంచి అంచులకు సుత్తితో కొట్టాలి. తొందరపడి తడిగా అతికిస్తేనే అంచు లేస్తుంది. రోజంతా వదిలి తర్వాత వేసుకోండి. హీలు కింది రబ్బరు పొర ఒక పక్క అరిగి తోలు తేలకముందే మార్పించండి. హీలు తోలు అరిగితే బూటు పక్కకు ఒరుగుతుంది, ఒరిగిన బూటు మడమ దగ్గరి గట్టి తోలును విరిచేస్తుంది.